పసుపు మాడిన వాసన

హన్మవ్వ జొన్న గటక గిన్నెను పక్కకు జరిపి గోడ వైపు తిరిగి కూర్చుంది.

“నీ చేతిది నేను తిన. నిన్న ఆ చెయ్యి తీస్కపోయి ఇంజను మీద పెట్టినవు. పెట్టి గంట కాలే, పొగ లేచింది. అమ్మకు కోపమొచ్చిందని గిర్నంత చెప్పుకుంటున్నరు.”

“గిర్నంత కాదత్తా, పోశెట్టన్న చెప్పుకుంటున్నడు,” అంది భూమక్క పొయ్యిలోకి పుల్ల ఎగదోస్తూ.

“వానికి నీ మీద పగ ఏముంటదే? ఎనిమిదేండ్ల సంది శుక్రారం శుక్రారం పసుపు పూసి, కొబ్బరికాయ కొట్టి, ఇంజనును ఎల్లమ్మ తల్లి లెక్క కొలుస్తున్నడు.”

“తల్లి అని కొలిచెటోళ్లే ఆడమనిషిని గడప తొక్కనియ్యకపోతే ఎట్ల? నాకు అదే సమజైతలేదు.”

 ఇట్లాంటప్పుడు హన్మవ్వ కొడుకు వైపు చూస్తుంది. ఇప్పుడూ చూసింది.

బీరయ్య నులక మంచం మీద వెల్లకిలా పడుకుని పైకప్పు పెంకులు చూస్తున్నాడు. కుడిచేతికి మోచెయ్యి కిందినుంచి మణికట్టు దాకా వెదురు బద్దలు కట్టి ఉన్నాయి. ఆ చెయ్యి విరిగి నేటికి పది రోజులు. కామారెడ్డి స్టేషను దగ్గరున్న ఈ బియ్యం గిర్నికి ఎనిమిదేళ్లుగా అతడే ఇంజను డ్రైవరు. గిర్ని వెనకాల ఈ ఒంటిగది కొంప డ్రైవరుకు ఇచ్చినది. కొత్త డ్రైవరు వచ్చిన రోజున ఇది ఖాళీ చెయ్యాలి.

కొత్తవాడు దొరకలేదు. ఇంజను పని తెలిసిన వాళ్లంతా తుపాకులు తయారుచేసే లడాయి కారఖానాలకు పోయారు. సర్కారుకు పంపాల్సిన బియ్యానికి స్టేషనులో వ్యాగను రేపు పొద్దుటికి వస్తుంది. అందుకే సేటు నాగభూషణం, దిక్కుతోచక, గురువారం నాడు ఇంజను నేను నడుపుతానని భూమక్క అడిగితే సరేనన్నాడు. శుక్రవారం ఆమె ఇంజను నడిపింది. గంట తిరగకముందే, చక్రం పక్కనున్న బేరింగు కాలి పొగ లేచింది. పోశెట్టి వచ్చి ఇంజను ఆపి, తలుపు వేసి, తాళం తన మొలతాడుకు కట్టుకున్నాడు.

“వాసన నీకు చెప్పిన గదా,” అంది భూమక్క మంచం దగ్గరికి వచ్చి. “పసుపు మాడిన వాసన. ఇంజన్ల పసుపు ఎందుకు మాడుతది?”

బీరయ్య పెంకుల మీదినుంచి చూపు తిప్పలేదు.

“ఏమయ్యా, నిన్నే అడుగుతున్న.”

“నాకేం ఎరుక,” అన్నాడు.

అతడికి ఎరుక లేని విషయం ఇంజనులో ఒక్కటీ లేదు. ఎనిమిదేళ్లు సద్ది తెచ్చి, ఇంజను గది కిటికీ బయట రాయి మీద కూర్చుని, అతడు లోపల ఏ మర తిప్పితే చప్పుడు ఎట్లా మారుతుందో విన్న మనిషి ఆమె. జ్వరం వచ్చిన రాత్రుల్లో పక్కలో పడుకుని ఇంజను సంగతులే చెప్పేవాడు. ఆ నోరు ఇప్పుడు ఎందుకు మూతపడిందో ఆమెకు అంతుపట్టలేదు.

వాకిట్లో అడుగుల చప్పుడయింది. లిదియా లోపలికి తొంగి చూసింది. గిర్ని కళ్లంలో వడ్లు ఆరబోసే ఆడవాళ్లలో ఆమె చురుకైనది. ఆదివారాలు మిషను గుడిలో పాటలు పాడే గొంతు, మిగతా ఆరు రోజులూ కళ్లంలో అందరినీ తిట్టడానికి పనికొచ్చేది.

“భూమక్కా, మున్షీ రహమాన్ సాబ్ రమ్మంటున్నడు. ఎల్లారెడ్డి నుంచి సలీమ్ చాచాను పిలిపించిన్రు. బొగ్గుతోని నడిచే బస్సుల నుంచి గిప్పుడే దిగిండు. చాచా మొఖమంత మసి, నేనైతే దొంగనుకున్న.”

సలీమ్ పేరు వినగానే బీరయ్య మంచం మీద లేచి కూర్చున్నాడు. ఈ ఇంజనును పెట్టెలోంచి విప్పి బిగించినవాడు సలీమ్. బీరయ్యకు పని నేర్పినవాడూ అతడే.

“చాచా ఏమంటే అదే ఆఖరు మాటని సేటు అన్నడంట,” అంది లిదియా. “చాచా నిన్ను వద్దంటే, కొత్త డ్రైవరు కోసం ఇయ్యాల్నే నిజామాబాదుకు మనిషిని తోలుతడంట.”

భూమక్క ముఖం కడుక్కుంది. దేవుడి గూటి ముందు నిలబడి దండం పెట్టుకుంది. ఏమి అడిగిందో ఆమెకే తెలియాలి.

“పోతున్నవా?” అన్నాడు బీరయ్య.

“పోతున్న. నువ్వొస్తవా?”

అతడు కట్టు కట్టిన చేతి వైపు చూసుకున్నాడు. ఆమె బయటికి నడిచింది.

ఇంజను గది ముందు గిర్ని అంతా పోగయింది. హమాలీలు ఒక వైపు, కళ్లం ఆడవాళ్లు ఒక వైపు. మధ్యలో సేటు, చేతిలో గొడుగు, ముఖంలో వ్యాగను. పోశెట్టి తలుపు తాళం తీసి పక్కకు నిలబడ్డాడు. అతడు వడ్ల పొట్టు తీసే హుల్లరు మీద పనిచేసేవాడు, వడ్లు బియ్యమయ్యేది అతడి చేతుల్లోనే. పెద్ద బొట్టు, శుభ్రమైన బట్ట, అబద్ధమాడని మనిషి. అందుకే అతడి మాటకు గిర్నిలో అంత బరువు.

సలీమ్ ఇంజను పక్కన ముక్కాలి పీట మీద కూర్చుని ఉన్నాడు. రెండు కళ్లకూ పొర కమ్మింది. వేళ్లతో బేరింగును తడిమి, వేళ్లు వాసన చూసుకున్నాడు.

“పొగ లేచినప్పుడు దగ్గర ఎవరుండిరి?”

“నేనున్న,” అన్నాడు పోశెట్టి. “ఆమె అడుగుపెట్టింది. అమ్మ మండింది.”

“నేను పొగ సంగతి అడిగిన భాయ్. అమ్మ సంగతి అడగలే. వాసనెట్లుండె?”

“కాలిన వాసన. ఇంకెట్లుంటది?”

గడప అవతల నిలబడిన భూమక్క గొంతు సవరించుకుంది. “పసుపు మాడిన వాసన చాచా. నూనె ఎక్కువ కాగినంక పసుపు వేస్తే వస్తది సూడు, అది. నిన్ననే చెప్పిన.”

“ఇంజన్ల పోపు పెట్టిందంట,” అన్నాడు పోశెట్టి. “ఎల్లిపాయ గూడ వేసినవా?”

హమాలీలు నవ్వారు. సేటు కూడా గొడుగు చాటున కొంచెం నవ్వాడు. సలీమ్ నవ్వలేదు.

“లోపలికి రా బేటీ.”

పోశెట్టి గడపకు అడ్డంగా చెయ్యి చాపాడు. “చాచా, నువ్వు పెద్దోనివి. గని ఈ రివాజు నువ్వే పెట్టినవంటరు. ఆడోళ్లు ఇంజను గదిల కాలు పెట్టొద్దని నువ్వే అన్నవట. ఇప్పుడు నువ్వే రమ్మంటవా?”

“నేనన్ననా?”

ముసలాయన చాలాసేపు గుర్తు చేసుకున్నాడు.  బయట కళ్లంలో పిచ్చుకలు వడ్లు తింటున్నా తోలేవాళ్లు లేరు.

“ఔ, అన్న,” అన్నాడు చివరికి. “కొత్తల ఇంజను నుంచి హుల్లరుకు తిరిగే ఈ తోలు పట్టాకు అడ్డం ఏం లేకుండె. ఎవరో ఒకామె కొంగు జారేసుకుని పట్టా పక్కనుంచి పోతుంటె గుండె ఆగినంత పనైంది. జారే గుడ్డ ఉన్న మనిషి ఈడికి రావద్దన్న. గుడ్డ అన్న. ఆడది అనలే. కొంగు గాని, లుంగీ గాని, పట్టాకు అన్ని ఒక్కటే.” కాస్త ఆగాడు. “బీరయ్య చెయ్యి ఎట్ల విరిగింది?”

 మున్షీ రహమాన్ నెమ్మదిగా చెప్పాడు. “భుజం మీది రుమాలు పట్టాకు చుట్టుకుంది చాచా.”

“అయితే మరి మగోళ్లను బందు చేసిన్రా?”

లిదియా నోటికి చెయ్యి అడ్డం పెట్టుకుంది. ఆడవాళ్ల గుంపులో సన్నగా ఏదో కదిలింది.

మన పూజల్లోనూ ఇట్లాంటివి ఎన్ని ఉన్నాయో. ఏదో ఒక రోజు ఏదో ఒక కారణానికి పెద్దవాళ్లు ఒక మాట అంటారు. కారణం పోతుంది, మాట మిగులుతుంది. దానికి పసుపు పూసి మనం దండం పెడతాం. పెట్టవద్దని అనను. కానీ ఎందుకు పెడుతున్నామని ఒకసారి అడిగితే దేవుడు కోపగించుకుంటాడని కూడా నేను అనుకోను.

పోశెట్టి చెయ్యి దించాడు. భూమక్క గోచిపెట్టి కట్టిన చీర కొంగును నడుముకు రెండు చుట్లు చుట్టి బిగించి, గడప దాటింది.

చక్రానికి రెండు పక్కలా బేరింగుల మీద రెండు ఇత్తడి గిన్నెలు ఉంటాయి. గిన్నెలో నూనె, నూనెలో వత్తి. వత్తి వెంట నూనె చుక్క చుక్కగా లోపలికి దిగుతుంది. చూడటానికి అచ్చం చిన్న కలశాల్లా ఉంటాయి. అందుకే పోశెట్టి పూజ ఎప్పుడూ వాటికే జరిగేది. పసుపు ముద్ద, పైన కుంకుమ, ఒక బంతిపువ్వు. నిన్న ఆడమనిషి వస్తుందన్న భయంతో, అమ్మ శాంతించాలని, ముద్ద రెండింతలు పెట్టాడు.

భూమక్క మూత తీసి వత్తి పైకి లాగింది. వత్తితో పాటు గోరంత లావున పచ్చటి ముద్ద ఊడి వచ్చింది. దాని అడుగు నల్లగా మాడి ఉంది.

“నూనె దిగే తొవ్వ మూసుకపోయింది,” అంది. “నూనె లేక కాలింది.”

సలీమ్ ఆ ముద్దను వేళ్ల మధ్య నలిపి తలాడించాడు.

పోశెట్టి ముఖం పాలిపోయింది. కానీ అతడు ఊరుకునే మనిషి కాదు, ఊరుకోవాల్సిన కారణమూ అతడికి కనిపించలేదు.

“నేను ఎనిమిదేండ్ల సంది పూస్తున్న. ఆ ఎనిమిదేండ్లు బీరయ్య నడిపిండు. ఒక్క శుక్రారం పొగ రాలే. మా పసుపు ఒక్క నిన్ననే చేదైందా? ఏమమ్మా భూమక్కా, చెప్పు.”

అది న్యాయమైన ప్రశ్న.  భూమక్క చేతిలోని వత్తిని అటూ ఇటూ తిప్పి చూసింది. సేటు గొడుగు ఈ చేతి నుంచి ఆ చేతికి మార్చి, “రహమాన్, నిజామాబాదు బస్సు ఎప్పుడుంది?” అన్నాడు.

“నేను తుడిచెటోణ్ణి.”

గొంతు వెనకనుంచి వచ్చింది. హమాలీలు పక్కకు జరిగారు. బీరయ్య కట్టు కట్టిన చేతిని ఎడమచేత్తో పట్టుకుని వాకిట్లో నిలబడి ఉన్నాడు. అతడి వెనక, నాలుగడుగుల దూరంలో, హన్మవ్వ.

“ప్రతి శుక్రారం తుడిచెటోణ్ణి,” అన్నాడు మళ్లీ. “పూజ అయినంక మీరందరు కొబ్బరి ముక్కలు పట్టుకొని బయటికి పోతరు. నేను గిన్నెలు ఇప్పి, కడిగి, కొత్త వత్తి పెట్టి, అప్పుడు ఇంజను తల కాల్చే లాంపు ముట్టించెటోణ్ణి. పోశెట్టన్న మనసు కష్టపెట్టుకుంటడని ఎవలకు చెప్పలే.”

“మీ ఇంటామెకు గూడ చెప్పలేదా?” అన్నాడు సలీమ్.

“చెప్పలే.”

“నిన్న గూడ?”

బీరయ్య తలవంచుకున్నాడు. “నిన్న వాసన సంగతి చెప్పంగనే నాకు సమజైంది. చెప్తే ఆమె నడుపుతది. ఆమె నడిపితే ఇగ నేనెందుకు? రాత్రంత గదే అనుకున్న.”



“పొద్దున అడిగిన గదా,” అంది భూమక్క.

“ఔ.”

“అప్పుడు చెప్తే అయిపోవు.”

“ఔ,” అన్నాడు బీరయ్య.

 భూమక్క కళ్లలో నీళ్లు తిరిగాయి గాని కింద పడలేదు. ఆమె ఒక గుడ్డ పేలిక తీసుకుని ఇత్తడి గిన్నెలు విప్పడం మొదలుపెట్టింది. బీరయ్య లోపలికి వచ్చి ఆమె పక్కన నిలబడ్డాడు. “ఎడమ పక్కది ఉల్టా తిరుగుతది,” అన్నాడు మెల్లగా. ఆమె ఉల్టా తిప్పింది. గిన్నె ఊడి వచ్చింది.

కడగడం, తుడవడం, కొత్త వత్తి, కొత్త నూనె. అన్నీ అయ్యాక ఆమె పోశెట్టి వైపు తిరిగింది.

“అన్నా, పసుపు ఇయ్యి.”

పోశెట్టికి అర్థం కాలేదు.

“అమ్మకు పసుపు లేకుండ నేను లాంపు ముట్టించ. గొంతుల గాదు, నొసట పెడ్త.”

అతడు కదలకపోతే హన్మవ్వే ముందుకు వచ్చి ఇంజను గది గోడ గూట్లోని పసుపు డబ్బా తీసి కోడలి చేతిలో పెట్టింది. గడప దాటి లోపలికి వచ్చానని ఆమె అప్పటికి గమనించుకోలేదు. భూమక్క ఇంజను ముందు భాగాన, నూనెకూ మరకూ దూరంగా, ఇనుము మీద మూడు వేళ్లతో పసుపు దిద్ది కుంకుమ పెట్టింది.

తర్వాత మంట ఊదే లాంపు ముట్టించి ఇంజను తలకు పెట్టింది. తల ఎర్రబారితేనే లోపల నూనె మండుతుంది; అందుకు పావుగంట పడుతుంది. ఆ పావుగంటా లాంపు బుస తప్ప ఇంకేమీ వినబడలేదు. సేటు రెండుసార్లు స్టేషను వైపు చూశాడు.

“ఎర్రగైందా?” అన్నాడు సలీమ్.

“మోదుగుపువ్వు రంగొచ్చింది.”

“పట్టు మరి.”

ఆమె చక్రం ఆకును రెండు చేతులా పట్టుకుని ముందుకూ వెనక్కూ ఊపింది. ఒకసారి. రెండోసారి. మూడోసారికి భుజం మొత్తం వేసి తోసి, చేతులు వదిలేసి వెనక్కి దూకింది. ఇంజను ఒకసారి దగ్గింది. ఇంకోసారి దగ్గింది. తర్వాత, ఎనిమిదేళ్లు కిటికీ బయట కూర్చుని విన్న ఆ చప్పుడు, నిదానంగా, ఒకే లెక్కన, ఆమె అరికాళ్ల కిందినుంచి పైకి పాకింది.

సలీమ్ కూర్చున్న చోటినుంచే తల ఒక పక్కకు వంచి విన్నాడు. చాలాసేపు విన్నాడు. చెయ్యి చాపి బేరింగు మీద పెట్టి ఉంచాడు. తీయలేదు.

“సల్లగున్నది,” అన్నాడు. “సేటూ, మీరు నన్నడిగితే నిజామాబాదు దాక పోవుడు ఎందుకు? ఉన్న డ్రైవరు ఈడనే ఉన్నది.”

సేటు మనసులో వ్యాగను, లోకం, బంధువులు, అన్నీ ఒకసారి తిరిగినట్టున్నాయి. కానీ ఇంజను తిరుగుతున్నది. తిరుగుతున్న ఇంజనుతో ఏ సేటూ వాదించడు.

“ఇయ్యాల్టి సంది ఇంజను భూమక్కది,” అన్నాడు. “ఇల్లు మీ దగ్గర్నే ఉంటది. బీరయ్య, చెయ్యి కుదిరినంక నీ సంగతి సూద్దాం.”

కళ్లం ఆడవాళ్లలో ముసలి రుక్మాబాయి చప్పట్లు కొట్టబోయి, ఎవరూ కొట్టకపోయేసరికి చేతులు కొంగుతో తుడుచుకుంది. తర్వాత ఏమనుకుందో, కొట్టింది. అందరూ కొట్టారు.

పోశెట్టి చప్పట్లు ఆగేదాకా ఆగాడు.

“నేను తప్పు చేసిన,” అన్నాడు. “నా పసుపే అమ్మ గొంతుకు అడ్డం పడ్డది. అది ఒప్పుకుంట. గని ఆడమనిషి ఇంజను నడుపుతుంటె ఆమె చెప్పినప్పుడు పట్టా వేసి, ఆమె చెప్పినప్పుడు ఆపుడు నాతోని కాదు.”

హుల్లరు మరలు తిప్పే పానా తీసి సేటు కాళ్ల దగ్గర నేల మీద పెట్టాడు. మరి ఇద్దరు అతడి వెంట నడిచారు. ముగ్గురూ గిర్ని పెద్ద తలుపు దాకా వెళ్లారు.

సేటు ముఖం వాడిపోయింది. ఇంజను ఉండి హుల్లరు లేకపోతే వ్యాగనులోకి ఏమి ఎక్కుతుంది? అతడు పానా వైపు చూశాడు. హమాలీల వైపు చూశాడు. వాళ్లు నేల చూపులు చూశారు.

భూమక్క ఇంజను దగ్గరినుంచి కదలకుండా కళ్లం వైపు గొంతెత్తింది.

“లిదియా.”

“ఓ.”

“పానా పట్టు. రుక్మాబాయీ, నువ్వు, ఇంకో ఇద్దరు వడ్లు మొయ్యున్రి.”

“నాకేం వస్తదే దాని పని?” అంది లిదియా, అప్పటికే పానా చేతిలోకి తీసుకుంటూ.

“నాకు వచ్చిందా నిన్నటి దాక?”

వాళ్లు హుల్లరున్న గది గడప దాటారు. ఒకరి వెనక ఒకరు. రుక్మాబాయి మాత్రం గడపకు చెయ్యి తాకించి కళ్లకద్దుకుని దాటింది. భూమక్క పట్టా వేసింది. హుల్లరు గర్జించింది. గంపెడు వడ్లు తొట్టిలో పడ్డాయి.

లిదియా మొదటి గుప్పెడు దోసిలిలో పట్టి వెలుతురుకు తెచ్చి చూసింది. సగానికి సగం నూకలు.

“భూమక్కా, ఇరుగుతున్నయి. సర్కారు నూకలు తీస్కుంటదా?”

సేటు తల పట్టుకున్నాడు. భూమక్క ఇంజను గది కిటికీలోంచి బయటికి చూసింది. పోశెట్టి పెద్ద తలుపు దగ్గరే నిలబడి ఉన్నాడు. బయటికి పోలేదు. హుల్లరు చప్పుడు వింటున్నాడు. హుల్లరు లోపలి కత్తి ఎక్కువ బిగిసిందని ఆ చప్పుడు అతడికి చెప్పేసే ఉంటుంది.

“పోశెట్టన్నా,” అంది భూమక్క, అరవకుండా, ఇంజను చప్పుడు మీదినుంచి వినబడేంత మాత్రమే. “నూక పడుతున్నది. చెప్పేదుంటె చెప్పు. లేకుంటె మేమే నేర్చుకుంటం.”

అతడు తల పక్కకు తిప్పుకున్నాడు.

 లిదియా, బిగుతే కారణమై ఉంటుందని ఊహించి, పళ్లు బిగబట్టి, పానాను కత్తి మరకు తగిలించి, అరచుట్టు వదులు చేసింది. రెండో గుప్పెడు పట్టింది. నూకలు తగ్గాయి. ఇంకో పావు చుట్టు. మూడో గుప్పెడు భూమక్క కిటికీ దగ్గరికే తెచ్చి, దోసిలి విప్పింది.

తెల్లగా, పొడుగ్గా, గింజకు గింజ నిలబడింది.

భూమక్క దోసిలిలోంచి నాలుగు గింజలు తీసి నోట్లో వేసుకుని కొరికింది. తల పైకెత్తేసరికి పెద్ద తలుపు దగ్గర ఇద్దరే ఉన్నారు. మూడోవాడు, పోశెట్టి, చెప్పులు చేత పట్టుకుని కళ్లం మధ్య దాకా వచ్చి, అక్కడే ఆగిపోయాడు.